మామ్మ చూడని కోతి నోటు

మా నాన్న పోయి ఇన్నేళ్ళయినా ఆయన మీద కోపం తెచ్చుకోవడానికి నాకు కొత్త కారణాలు దొరుకుతూనే ఉన్నాయి. మొన్న ఆదివారం మా తమ్ముడు సూరిబాబు కువాలా సెలంగోర్ నుంచి కారేసుకుని క్లాంగ్‌లో మా ఇంటికి వచ్చాడు. వాళ్ళింటి పైకప్పు బాగు చేయిస్తుంటే అటక మీద దొరికిందని ఒక బిస్కెట్ డబ్బా తెచ్చి నా వంటింటి బల్ల మీద పెట్టాడు. మూత తుప్పు పట్టి బిగుసుకుపోయింది. అట్లకాడతో పొడిచి పొడిచి తీస్తే, లోపల ఎర్ర బట్ట అట్ట వేసిన ఆఫీసు పుస్తకం ఒకటి ఉంది. "నాన్నది లా అక్కా. లోపలంతా ఇంగ్లీషే. నాకెందుకు, నువ్వే సూడు" అని, ఇక్కడ అందరి మాట చివరా తగిలే ఆ మలయ్ 'లా'తో సహా చెప్పి, నేను వేయించిన అరటికాయ ముక్కలు సగం తిని, మిగిలినవి పొట్లం కట్టించుకుని వెళ్ళిపోయాడు. అట్ట మీద నాన్న గుండ్రటి చేతిరాత ఉంది. ఆ పుస్తకం ఏమిటో నాకు తెలుసు. అందులో ఏమి దొరకాలని నేను ఆశ పడుతున్నానో కూడా తెలుసు.

ఆ ఆశకి కారణం నా మనవరాలు మీనా. మా అల్లుడు తమిళుడు. ఇంట్లో మాట తమిళం, చదువు ఇంగ్లీషు, వీధిలో ఈ మలేషియా దేశపు మలయ్. తెలుగు దానికి వినపడితే అర్థమవుతుంది, నోట్లోంచి మాత్రం రాదు. నన్ను అమ్మమ్మా అనమంటే పాటీ అంటుంది. అలాంటి పిల్ల రెండు వారాల కిందట, ఏ బుద్ధి పుట్టిందో, పక్కన కూర్చుని "పాటీ, మీ మామ్మ ఇండియా నుంచి వచ్చింది కదా, ఎలా మాటాడేది? ఒక్కటి చెప్పు లా, మామ్మ లాగా" అని తమిళంలోనే అడిగింది. అదెంత పని అనుకుని నోరు తెరిచాను. ఏటి, నేదు, ఒచ్చినాడు అనే ముక్కలు నాకూ తెలుసు, మా తమ్ముడి నోట ఇప్పటికీ కొన్ని వినపడతాయి. ముక్కలు పేర్చినంత మాత్రాన మామ్మ అవుతుందా? చుట్ట బిగించి, ఒక కన్ను మూసి, ఎదుటివాడి నోరు మూయించే ఆ మాట వరస ఒక్కటంటే ఒక్కటి నాకు రాలేదు. ఆవిడ పోయేనాటికి సూరిబాబు పాలు తాగే పిల్లాడు. ఆవిడ మాట విన్నవాళ్ళలో మిగిలింది నేనొక్కదాన్నే. నేను పోతే ఆ మాట ఉండదని కాదు, నేను ఉండగానే అది లేదని ఆ పూట తెలిసింది. మీనా కాసేపు చూసి, ఫోను తీసుకుని వెళ్ళిపోయింది.

నా చిన్నప్పుడు మేము తెలుక్ ఇంటాన్ అవతల, నది సముద్రంలో కలిసే వైపు, ఒక కొబ్బరి తోటలో ఉండేవాళ్ళం. నాన్న తోట ఆఫీసులో గుమాస్తా. గుమాస్తాని ఇక్కడ కిరాణి అంటారు, ఆ మాటలో ఆయనకి ఎంత గర్వమంటే, మార్కెట్లో ఎవరైనా పేరుతో పిలిస్తే వినపడనట్టు నడిచిపోయేవాడు. మాకు ఇచ్చిన ఇల్లు చెక్క ఇల్లే కానీ, వరండా ఉండేది, వరండాలో రెండు కుర్చీలుండేవి, వాటి మీద మేము కూర్చోకూడదు. కొబ్బరి ఎండబెట్టే బట్టీల పొగ పొద్దస్తమానం ఇంట్లోకి వచ్చేది. బట్టలకీ అదే వాసన, అన్నానికీ అదే వాసన. ఆ వాసన లేని చోట నాకు ఇప్పటికీ ఏదో మరిచిపోయి వచ్చినట్టు ఉంటుంది. వంటింట్లో అమ్మ ఆవపెట్టి కూర వండేది. మామ్మ పక్కనే రోట్లో ఎండు మిరపకాయలు, రొయ్యల ముద్ద వేసి సంబల్ నూరేది. ఏ దేశం వచ్చినా రోలు ఒకటే కదా అని ఆవిడ ధోరణి. చూశారా, ఇది కూడా నా మాటల్లోనే చెప్తున్నాను. ఆవిడ అన్నది ఇలా కాదు.

మామ్మ చుట్ట తాగేది. మామూలుగా కాదు, నిప్పు ఉన్న వైపు నోట్లో పెట్టుకుని. అడ్డపొగ అంటారు దాన్ని, శ్రీకాకుళం వైపు ఆడవాళ్ళ అలవాటట. చిన్నపిల్లగా తల్లిదండ్రులతో ఓడెక్కి వచ్చినప్పుడు ఆవిడ వెంట ఏమీ తెచ్చుకోలేదు, పెద్దయ్యాక ఈ అలవాటు మాత్రం తల్లిని చూసి తెచ్చుకుంది. నిప్పు నోట్లో ఉండగానే మాట్లాడేది, తిట్టేది, నవ్వేది. నాకు అదొక ఇంద్రజాలం. నాన్నకి మాత్రం తల కొట్టేసినట్టు ఉండేది. కిరాణి తల్లి అడ్డపొగ తాగడమేమిటని ఆయన బాధ. దొర జీపు చప్పుడు వినపడితే చాలు, అమ్మా, లోపలికి పో, లోపలికి పో అని తొందర పెట్టేవాడు. ఆవిడ లేచేది కాదు.

ఇక నాన్న పిచ్చి సంగతి. తోటకి మేనేజరు ఇంగ్లీషు దొర. పేరు చెప్పను, ఆయన పిల్లలు ఎక్కడో ఉండే ఉంటారు. ఆయన మాటలో డబ్బుకి బోలెడన్ని ముద్దు పేర్లు ఉండేవి. షిల్లింగు బాబ్. పౌను క్విడ్. ఆరు పెన్నీల నాణెం టానర్. ఇరవై ఐదు పౌన్లయితే పోనీ, అంటే గుర్రప్పిల్ల. ఐదొందల పౌన్లయితే మంకీ, అంటే కోతి. నాలుగింటికల్లా వాన పడుతుందని పది బాబ్ పందెం అని దొర వేళాకోళంగా అంటే, మా నాన్న వాన సంగతి వదిలేసి ఆ బాబ్ ఎవడో తెలుసుకునేదాకా నిద్రపోయేవాడు కాదు. ఈ దేశంలో డాలర్లూ సెంట్లూ నడుస్తుంటే, జన్మలో చేత్తో ముట్టుకోని నాణేల ముద్దు పేర్లకి పుట్టు పూర్వోత్తరాలు వెతికే మనిషిని ఏమనాలి? కందకి లేని దురద కత్తిపీటకెందుకు? ఇంగ్లీషువాడు తన మాట ఎక్కడ పుట్టిందో తనకే తెలియకపోయినా హాయిగా పైపు కాల్చుకుంటుంటే, మా నాన్న ఎర్ర అట్ట పుస్తకం తెరిచేవాడు.

ఆ పుస్తకానికి ఒక పద్ధతి ఉంది. ఎంతైనా కిరాణి కదా. మొదటి గడిలో మాట, రెండో గడిలో విలువ, మూడో గడిలో అది ఎక్కడ పుట్టిందో, నాలుగో గడిలో సాక్షి. ఎవరు చెప్పారో వాళ్ళ పేరు లేకుండా ఒక్క ముక్క రాసేవాడు కాదు. దొర, దొరసాని, వారానికొకసారి వచ్చే డాక్టరు, పట్నంలో ఇంగ్లీషు పేపరు తెప్పించే దుకాణం ముసలాయన, వీళ్ళంతా ఆయన సాక్షులు. ఆఫీసు నుంచి రాగానే స్నానం, తెల్ల బనీను, చక్కెర లేని కాఫీ. తరవాత నన్ను ఎదురుగా నిలబెట్టి అప్పచెప్పించుకునేవాడు. "క్విడ్ అంటే ఏటి? ఎక్కడిది?" అని అడిగేవాడు. పౌను నాన్నా, లాటిన్ మాట అంటారు నాన్నా, రుజువు లేదు నాన్నా అనాలి. టానర్ దేశదిమ్మరుల భాషలో చిన్నది అనే మాట నుంచి వచ్చిందంటారు నాన్నా, రుజువు లేదు నాన్నా. బాబ్ ఎవరో మంత్రి ముద్దు పేరంటారు నాన్నా, రుజువు లేదు నాన్నా. పుస్తకం నిండా రుజువు లేనివే. ఎక్కాలు రాకపోయినా తిట్టని మనిషి, రుజువు లేదు అనడం మరిచిపోతే మాత్రం గుంజీలు తీయించేవాడు.

ఒకసారి నేను తెలివి ఉపయోగించి, మామ్మ బేడ అంటుంది కదా నాన్నా, రెండణాలని, అది ఎక్కడి నుంచి వచ్చింది అని అడిగాను. మామ్మ నోట్లో ఏగానీ, అణా, బేడ, పావలా, ఇవే ఉండేవి. డాలర్లు నడిచే దేశంలో యాభై ఏళ్ళున్నా చేపలవాడి దగ్గర బేరం మాత్రం ఆ లెక్కలోనే మొదలుపెట్టేది. చైనా చేపలవాడు కూడా ఆవిడ కోసం బేడ నేర్చుకున్నాడు. నా ప్రశ్నకి నాన్న పుస్తకం మూసి, "అది మాట కాదే, అలవాటు" అన్నాడు. అంతే. దొర నోట్లోంచి పడితే మాట, దానికి పుట్టుక, విలువ, సాక్షి. తల్లి నోట్లోంచి పడితే అలవాటు. పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదని పెద్దవాళ్ళు ఊరికే అనలేదు. ఆ పెరటి చెట్టు మాత్రం అరుగు మీద కూర్చుని చుట్ట తాగుతూ అంతా వింటూనే ఉంది.

కోతి దగ్గర కథ మలుపు తిరిగింది. ఐదొందలకి కోతి అనే పేరెందుకని నాన్న అడిగితే, మీ దేశం నుంచే వచ్చిందయ్యా, అక్కడ ఐదొందల రూపాయల నోటు మీద కోతి బొమ్మ ఉండేదట, మా సిపాయిలు ఆ పేరు ఇంటికి పట్టుకెళ్ళారట అని దొర చెప్పాడు. ఆయన కూడా ఎవరో క్లబ్బులో అన్నది విని చెప్పి ఉంటాడు. నాన్న ఆ రోజు ఆఫీసు నుంచి నడిచి రాలేదు, పరిగెత్తుకుని వచ్చాడు. మన మాట, మన దేశపు మాట, దొరల నోట్లో ఉంది. పైగా అది కోతి కాదు, ఆంజనేయస్వామి. నోటు మీద వేసేటప్పుడు మనవాళ్ళు కోతిని వేస్తారా, స్వామిని వేస్తారు కానీ. ఇంగ్లీషువాళ్ళకి తేడా తెలియక కోతి అన్నారు. ఈ మాత్రం ఆలోచన మా నాన్నకి తప్ప భూమ్మీద ఇంకెవరికీ వచ్చి ఉండదు. పటం ముందు దీపం పెట్టి, దొర తప్పు దిద్దే అవకాశం ఇచ్చావా స్వామీ అని దండం పెట్టుకున్నాడు. అలాంటి నోటు ఎప్పుడైనా ఉందా అని మాత్రం ఎవర్నీ అడగలేదు. అన్ని రుజువులు వెతికే మనిషికి, తనకి నచ్చిన దాని దగ్గర రుజువు అక్కర్లేకపోయింది.

కొన్నాళ్ళకి తోట చేతులు మారింది, దొర స్వదేశం వెళ్ళిపోతున్నాడు. వెళ్ళేముందు కిరాణి ఇంటికి టీకి వస్తానన్నాడు. అంతకు ముందు ఏ దొరా ఆ వరస ఇళ్ళల్లో అడుగు పెట్టలేదు. వారం రోజులు మాకు ఊపిరాడలేదు. వరండా కుర్చీలకి రంగు వేస్తే అది ఆరక వాసన కొట్టింది. పట్నం నుంచి కేకు వచ్చింది. అమ్మకి టీ కలపడం మళ్ళీ నేర్పాడు, పదేళ్ళుగా ఆవిడ కలిపిన టీయే తాగుతూ. అన్నిటికంటే పెద్ద ఏర్పాటు మామ్మ. కోతి మాటకి నాలుగో గడిలో ఆవిడ సాక్షి. ఆ దేశంలో పుట్టిన మనిషి ఇంట్లో ఆవిడొక్కతే. ఆ మధ్యాహ్నం తెల్ల చీర కట్టించి, చుట్ట లాక్కుని, "అమ్మా, నీకు దండం పెడతాను. ఆంజనేయసామి బొమ్మ నోటు సూసినావా అని అడుగుతాను. సూసినాను అను. అంతే, ఇంకేటీ అనకు" అని బతిమాలాడు. ఆవిడ తల ఊపింది. ఊపిన తీరు చూసి అమ్మ నవ్వు ఆపుకోవడానికి వంటింట్లోకి వెళ్ళింది.

దొర వచ్చాడు, కేకు తిన్నాడు, ఎండ గురించి మాట్లాడాడు. ఆయనకి తమిళం కొంత వచ్చు, తెలుగు రాదు. నాన్న గొంతు సవరించుకుని ఇంగ్లీషులో ఏదో పెద్ద ఉపోద్ఘాతం చెప్పి, గడప దగ్గర కూర్చున్న తల్లి వైపు తిరిగి ప్రశ్న అడిగాడు. మామ్మ ఏదో అంది. ఒక్క ముక్క కాదు, చాలానే అంది. తలుపు వెనక అమ్మ చీర కొంగు నోట్లో కుక్కుకుని వంగిపోయింది. నాన్న చెవులు ఎర్రగా అయిపోయాయి. దొరతో ఇంగ్లీషులో ఒక్క చిన్న వాక్యం చెప్పాడు. నా చదువుకి అది అందలేదు. దొర మామ్మ వైపు తిరిగి, పాపం అన్నట్టు తల వంచి, చెవిటివాళ్ళతో మాట్లాడినట్టు గట్టిగా తమిళంలో, ఆరోగ్యం జాగ్రత్త అమ్మా అన్నాడు. మామ్మ ఆయన్ని ఎగాదిగా చూసి, లేచి, పెరట్లోకి పోయి చుట్ట వెలిగించింది. దొర ఎందుకలా జాలి పడ్డాడో నాకు మొన్నటిదాకా తెలియలేదు. మామ్మ ఏమందో, అది ఏ పొరల్లో పడిపోయిందో, అదీ గుర్తు రాలేదు. అమ్మ నవ్వు గుర్తుంది, చెవులు గుర్తున్నాయి, రంగు వాసన గుర్తుంది, మాట మాత్రం లేదు.

పోగొట్టింది నాన్న ఒక్కడే అంటే అబద్ధమవుతుంది. పట్నం బడికి వెళ్ళాక తమిళం నోట్లో నిండింది. క్లాంగ్ వచ్చాక, ఉద్యోగం అయ్యాక, తెలుగు మరిచిపోకూడదని ఆదివారం బడికి వెళ్ళి అచ్చు పుస్తకాల తెలుగు నేర్చుకున్నాను. అక్కడి మాస్టారు, నేదు అంటే ముఖం చిట్లించేవారు. లేదు అనమ్మా, చక్కగా. తరవాత అదే బడిలో నేను ఇరవై ఏళ్ళు పాఠం చెప్పాను. తోటల నుంచి వచ్చిన పిల్లలు ఏటి అంటే, ఏమిటి అనండి అని దిద్దాను. ఎంతమంది ఇళ్ళల్లో ముసలమ్మల మాటలు నా ఎర్ర సిరాతో కొట్టేశానో దేవుడికి తెలియాలి. తండ్రి మీద కోపం తెచ్చుకోవడం సులువు, అందుకే అదే ఎక్కువగా చేస్తుంటాను.

ఇవన్నీ తలలో తిరుగుతుంటే, సూరిబాబు వెళ్ళాక పుస్తకం ముందేసుకుని కూర్చున్నాను. మీనా అప్పుడే బజారు నుంచి పూలు తెచ్చింది. డబ్బులెన్ని ఇచ్చావే అంటే ఫోను చూపించింది. దాని చేతిలో నాణెం చూసి ఎన్నాళ్ళయిందో. ఇప్పటి పిల్లలకి డబ్బు ఒక చప్పుడు, ఫోను కుయ్యిమంటే ఇచ్చేసినట్టు. బాబ్, టానర్ వాళ్ళ దేశంలోనే ఎప్పుడో చచ్చాయి, బేడ మన దేశంలో చచ్చింది. రెండూ చచ్చినవే అయినా, ఒకదానికి ఎర్ర అట్ట పుస్తకం ఉంది, రెండోదానికి నేను ఉన్నాను, నేనేమో ఇలా ఉన్నాను. పేజీలు తిప్పుతున్నాను. నాలుగో గడి తప్ప ఇంకేదీ చదవలేదు. దొర, దొర, డాక్టరు, దొరసాని, దొర, పేపరు. ఒళ్ళు మండిపోతోంది. నలభై పేజీలు తిప్పినా తల్లి పేరు లేదు. చివరికి కోతి పేజీ వచ్చింది. మూడో గడిలో ఆంజనేయస్వామి గురించి అరపేజీ. నాలుగో గడిలో, సాక్షి, మా తల్లి అని ఉంది.

కళ్ళద్దాలు తుడుచుకుని కింది లైను చదివాను. ఆఫీసు ఇంగ్లీషులో, చక్కటి రాతలో, ఒక్క వాక్యం. సదరు సాక్షి వయోభారం వల్ల జ్ఞాపకశక్తి లోపించినందున ఏమీ చెప్పలేకపోయినది.

"ఏం రాశారు పాటీ?" అంది మీనా. చదివి వినిపించాను. అది పూలు గిన్నెలో వేస్తూ, "అయ్యో, పాపం, మర్చిపోయిందా" అంది. అచ్చం దొర లాగే తల వంచింది. అరవై ఏళ్ళ కిందటి ఆ జాలి ఎక్కడిదో అప్పుడు తెలిసింది. తల్లి నిజం చెప్పిందని చెప్పలేక, తల్లికి మతిపోయిందని చెప్పాడు మా నాన్న. చెప్పి ఊరుకోకుండా, రికార్డులో రాసుకున్నాడు. నాకు ఎక్కడ లేని కోపం వచ్చింది. బల్ల మీద అరచేత్తో కొట్టి లేచాను.

"మరిసిపోడమేటే. ఆవిడికి అన్నీ గేపకమే. ఏటన్నాదో సెప్పనా? ఐదొందల నోటేటి బాబూ అన్నాది. అంత నోటు సూసినోల్లు ఓడెక్కుతారేటి? మా అయ్య కాడ రెండు బేడలు నేకే గదా ఈ దేశం ఒచ్చినాం. ఆంజినేయసామి మా ఊరి గుడ్లో ఉన్నాడు. పనీపాటా నేనోడేటి ఆయన, దొర నోటు మీద కూకోడానికి, అన్నాది."

నేను నిలబడే ఉన్నాను, ఒక కన్ను మూసుకుని. మీనా పూలు అలాగే పట్టుకుని నా వైపు చూస్తోంది. "పాటీ, అది నువ్వు కాదు" అంది మెల్లగా. తరవాత పూలు పక్కన పెట్టి, కుర్చీ దగ్గరకి లాక్కుని, "మళ్ళీ చెప్పు లా" అంది. మళ్ళీ చెప్పాను. మూడోసారి చెప్తూ కలం తీసి, నాలుగో గడిలో నాన్న వాక్యాన్ని అడ్డంగా కొట్టేసి, పక్కన ఖాళీలో తెలుగులో ఆవిడ అన్నది అన్నట్టే రాశాను. నాన్న ఉంటే గుంజీలు తీయించేవాడు. మీనాకి ఆ అక్షరాలు రావు, అందుకని వింటూనే నోట్లో కూడబలుక్కుంటోంది.

"అంత నోటు సూసినోల్లు ఓడెక్కుతారా" అంది.

"ఎక్కుతారా కాదే. ఎక్కుతారేటి" అన్నాను.

"ఎక్కుతారేటి" అంది మీనా.